శోకం మాటలు

సినిమావాళ్లకు మా ఇల్లు నచ్చింది అది పాతబడి ఉన్నందుకే. ఊళ్లో అందరూ స్లాబులు వేసుకున్నారు. రోడ్డు పక్క పొలాలు అమ్ముకున్నవాళ్లయితే మేడ మీద మేడ కట్టారు. మా పెంకుటిల్లు మాత్రం అట్లాగే ఉండిపోయింది. కొత్తది కట్టుకుందామనుకున్న ఏడాదే మా బావ చిన్నయ్య పోయాడు, ఆ తర్వాత ఆ మాట ఎవరూ ఎత్తలేదు.

మా ఊరు చేవెళ్లకూ మొయినాబాద్‌కూ నడుమ, పెద్దరోడ్డు దిగి లోపలికి రెండు కిలోమీటర్లు. మార్చి నెలాఖరులో ఒక కారు వచ్చి మా వాకిట్లో ఆగింది. దిగినామెకు ముప్పై ఏళ్లుంటాయి. మగవాళ్ల చొక్కా, అరిగిన చెప్పులు. పేరు సింధుజ, డైరెక్టరునని చెప్పింది. మా మామ ఈశ్వరయ్య ఆమె వెనకాల అసలు డైరెక్టరు దిగుతాడేమోనని కారు వైపు చాలాసేపు చూశాడు.

"పెద్ద సినిమా కాదు బాపూ. హీరో ఉండడు, ఫైట్లుండవు. ఆరుగురమే టీమ్. ఉద్యోగం మానేసి సొంతంగా తీస్తున్నాను," అంది సింధుజ.

"మరి ఏముంటది బిడ్డా అండ్ల?"

"ఒక ఇల్లు. ఆ ఇంట్లో ఒకతను తప్పు చేస్తాడు. అది అతని భార్యకు తెలుసు. తెలిసి కూడా రోజూ అతనికి అన్నం పెడుతుంది. ఆమె మంచిదా, చెడ్డదా? అంతే స్టోరీ."

నేను అప్పుడే చాయ్ తెచ్చి ఆమెకు అందిస్తున్నాను. గ్లాసు తొణకలేదు. నాలుగేళ్ల అలవాటు మరి.

ఆ అలవాటు సంగతి ఇక్కడే చెప్పేస్తాను. దాచి దాచి విసుగొచ్చింది. నాలుగేళ్ల కిందట దీపావళికి ముందురోజు పొద్దున నా భర్త నవీన్, వాళ్లన్న చిన్నయ్య బంతిపూల మూటలు వేసుకొని చిన్న ట్రక్కులో గుడిమల్కాపూర్ పూల మార్కెట్‌కు బయల్దేరారు. మొయినాబాద్ రాకముందే బండి ఒక పాల సైకిలును గుద్ది, కల్వర్టు గోడకు కొట్టుకుంది. సైకిలు మీది ముసలాయన అక్కడికక్కడే పోయాడు. చిన్నయ్య మధ్యాహ్నానికి దవాఖానలో పోయాడు. నవీన్ బతికాడు. బండిలో మందు సీసా దొరికింది. బండి నడిపింది అన్నే అని నవీన్ పోలీసులకు చెప్పాడు. చనిపోయినవాడి మీద కేసేముంటుంది, అది అక్కడితో ఆగిపోయింది.

చిన్నయ్య కల్లు కూడా ముట్టేవాడు కాదు. అతని దినాలు జరిగిన పది రోజులూ నేను నవీన్ ఛాతీకి కాపడం పెట్టాను. రొమ్ము ఎముక మీద అరచేతి పొడవున కమిలి ఉంది. పక్క సీట్లో కూర్చున్నవాడికి స్టీరింగు ఎట్లా తగులుతుందని నేను అడగలేదు. అతనూ చెప్పలేదు. ఆ ఎముక వంకరగా అతుక్కుంది. చొక్కా విప్పితే ఇప్పటికీ కనపడుతుంది.

నా యారాలు జంగమ్మకు, అంటే చిన్నయ్య భార్యకు, అసలు సంగతి తెలుసు. పోయేముందు చిన్నయ్యే చెప్పాడు. ఆమె దవాఖాన మెట్ల మీద నోరు తెరవబోయేలోపే మా మామ ఆమె చెయ్యి పట్టుకొని తెచ్చి నా కడుపు మీద పెట్టాడు. నాకప్పుడు ఏడో నెల.

"ఒక్కడు పోయిండు. ఇంకొకన్ని జైలుకు పంపుతవా బిడ్డా? ఈ కడుపు మీద ఒట్టెయ్యి, ఎవ్వలకు చెప్పనని," అన్నాడు.

జంగమ్మ ఒట్టేసింది. ఆమె చెయ్యి చల్లగా ఉంది. లోపల బిడ్డ తన్నింది, ఆ తన్ను మా ఇద్దరికీ తెలిసింది. వాళ్లకు పిల్లల్లేరు. ఆనాటి నుంచి నా బిడ్డకు తల దువ్వేది, అన్నం తినిపించేది ఎక్కువగా ఆమే.

పాల ముసలాయన భార్య సుక్కమ్మ. మొయినాబాద్ చౌరస్తాలో గోనెసంచి పరిచి నిమ్మకాయలు, పచ్చిమిరపకాయలు అమ్ముతుంది. జంగమ్మ బస్సు దిగితే చాలు, పక్కన కూరగాయలు అమ్మేవాళ్లకు వినపడేట్టు, "తాగి మనుషుల తొక్కిచ్చినోని పెండ్లాం వచ్చింది, జరగండ్రి," అనేది. తిట్టు కూడా కాదు, రోజూ చెప్పే మాటలాగే చెప్పేది. జంగమ్మ తల వంచుకొని ఆటో ఎక్కేది. నేను ఆమె పక్కన సంచి పట్టుకొని నిలబడి ఎటో చూసేదాన్ని.

*

ఏప్రిల్ అంతా ఇంట్లో వైర్లు, లైట్లు. సినిమావాళ్లు అజీజ్‌నగర్‌లో ఒక ఫామ్‌హౌస్‌లో ఉండి పొద్దున్నే వచ్చేవాళ్లు. నేను చేవెళ్లలో డిగ్రీ చదివానని తెలిసి సింధుజ నాకు ఒక పని అప్పజెప్పింది. పట్నం నుంచి వచ్చిన నటులు మా మాటను మా వాళ్లలాగా పలికేట్టు చూడాలి. నాకు ఆ పని బాగా నచ్చింది. పెళ్లయ్యాక నా చదువుతో ఎవరికైనా అవసరం పడటం అదే మొదలు. "సమతా, ఇది మీ ఊళ్లో ఎట్లా అంటారు?" అని ఆమె అడిగితే ఆ రోజంతా హుషారుగా తిరిగేదాన్ని.

చావు సీను రోజున చిక్కొచ్చింది. శవంగా పడుకోవాల్సిన అబ్బాయికి వాళ్లమ్మ ఫోను చేసి, ఒక్కగానొక్క కొడుకువి, పాడె మీద పడుకుంటే నా మీద ఒట్టే అంది. అతను మెహిదీపట్నం బస్సెక్కి వెళ్లిపోయాడు. ముఖం మీద తెల్లబట్ట ఉంటుంది, ఎవరైనా ఫరవాలేదంది సింధుజ. ఊళ్లో మగవాళ్లందరికీ ఒక్కసారిగా పొలం పనులు గుర్తొచ్చాయి.

"దానికేం ఫికర్ మేడమ్? నేను పండుకుంట," అన్నాడు నవీన్, చొక్కా విప్పుతూ. నెల రోజులుగా కెమెరా ముందు ఎట్లాగైనా కనపడాలని తిరుగుతున్నాడు.

శవం దొరికింది, ఏడుపు దొరకలేదు. పట్నం నటి ఎంత ఏడ్చినా టీవీలో ఏడ్చినట్టే ఉంది. "మీ దగ్గర నిజంగా శోకం పెట్టేవాళ్లు లేరా?" అని సింధుజ అడిగింది. చుట్టూ కూర్చున్న మా దాయాదుల ఆడవాళ్లు జంగమ్మ వైపు చూశారు.

శోకం పెట్టడంలో జంగమ్మకు చుట్టుపక్కల ఊళ్లలో పేరుంది. ఎవరింట్లో మనిషి పోయినా ఆమె వచ్చి కూర్చుంటేనే ఏడుపు ఏడుపులాగా ఉంటుందనేవాళ్లు. మా దగ్గర శోకానికి ఒక పద్ధతి ఉంది. రాగం తీసి ఏడ్చే మనిషి ఏమన్నా ఎవరూ ఆపరు, ఎవరూ ఎదురు చెప్పరు. అత్త పెట్టిన బాధలు, మగడు కొట్టిన దెబ్బలు, దాచిన సంగతులు అన్నీ అందులో పడతాయి. తలస్నానం చేసి లేచాక ఆ మాటలు ఎవరూ తిరిగి ఎత్తకూడదు. ఒట్లు, మర్యాదలు మామూలు మాటకే గానీ శోకానికి లేవు. అందుకే సొంత మగడు పోయిన రోజున జంగమ్మ ఏడవలేదు. కొంగు నోట్లో కుక్కుకొని గోడకు ఆనుకొని కూర్చుంది. తాగుబోతు మగడు పోతే ఏడుపెందుకొస్తుంది అని ఊరు అనుకుంది. ఆమె రాగం అందుకుంటే ఏం బయటపడుతుందో మా ఇంట్లో నలుగురికి తెలుసు.

సింధుజ రెండుసార్లు అడిగితే జంగమ్మ రెండుసార్లూ వద్దంది. మూడోసారి అడిగినప్పుడు, "పండుకునేది ఎవలు?" అంది.

"నవీన్."

జంగమ్మ చేతిలోని చేట పక్కన పెట్టింది. "అయితే ఏడుస్త," అంది.

*

పక్క పొలంలో ఎవరో బోరు వేయిస్తున్నారు. ఆ మోతలోనే కెమెరా పెట్టారు. నడింట్లో చాప మీద నవీన్, ముఖం మీద తెల్లబట్ట, ఛాతీ మీద ఏమీ లేదు. చుట్టూ మా ఆడవాళ్లు. అరుగు మీద మామ. నేను గుమ్మం దగ్గర.

జంగమ్మ జుట్టు విప్పుకొని మోకాళ్ల మీద కూర్చుంది. మొదట సన్నగా రాగం ఎత్తుకుంది. తర్వాత మాటలు వచ్చాయి.

"ఎంత పనాయెనయ్యో నా దేవుడా… నువ్వు బండి తోలకపోతివయ్యో… తమ్ముడు తోలంగ నువ్వు పక్కపొంటి కూసుంటివయ్యో… పూలమూటకు తలవెట్టి నువ్వు పండుకుంటివయ్యో… పాలాయనను నువ్వు సూడనన్న సూడకపోతివయ్యో… కల్లు ముట్టనోనికి తాగుబోతని పేరువెట్టిరయ్యో… నిన్ను మన్నుల వెట్టి నీ పేరు చౌరస్తల వెట్టిరయ్యో…"

ఆమె చెయ్యి నవీన్ ఛాతీ మీద పాకి ఆ వంకర ఎముక దగ్గర ఆగింది.

"గీ బొక్క ఎట్ల వంకరాయెనో అడిగినోళ్లు లేకపోతిరయ్యో… కాపడం పెట్టినామె అడగకపాయె, కన్నతండ్రి అడగకపాయె…"

నవీన్ ముఖం మీది తెల్లబట్ట లేవడం, పడటం మొదలైంది. ముందు మెల్లగా, తర్వాత పరిగెత్తే మనిషి ఊపిరిలాగా. లేచి వెళ్లడానికి లేదు, అతను శవం. సింధుజ "కట్, కట్" అంది. శోకానికి కట్ ఏమిటో జంగమ్మకు తెలియదు. కెమెరా అబ్బాయి ఆపలేదు, ఆమె జుట్టునూ ఆ చేతినీ తీస్తూనే ఉన్నాడు. మామ అరుగు దిగి పశువుల కొట్టం వైపు వెళ్లిపోయాడు. మా ఆడవాళ్లు తలలు వంచుకొని ముక్కులు చీదుకున్నారు. వాళ్లంతా విన్నారు. వాళ్లంతా ఆ పద్ధతి తెలిసినవాళ్లే.

నాలుగేళ్ల ఏడుపు పావుగంటలో అయిపోయింది. ఒకామె భుజం పట్టుకొని లేపితే జంగమ్మ లేచింది.

చావు సీను చేసినవాళ్లను ఆ వెంటనే నవ్వించి ఒక షాట్ తీస్తారట, కీడు తగలకుండా. "అన్నా, ఒకసారి కెమెరా చూసి నవ్వు," అన్నాడు కెమెరా అబ్బాయి. నవీన్ లేచి కూర్చున్నాడు. పెదవులు రెండుసార్లు విడిపోయాయి గానీ అది నవ్వు కాలేదు. "చాలు తియ్," అని చొక్కా కోసం వెతుక్కున్నాడు.

జంగమ్మ పెరట్లో నల్లా కింద కూర్చొని తలస్నానం చేస్తోంది. నేను చెంబుతో నీళ్లు పోశాను. ఆ మాటలు ఎత్తకూడదు కాబట్టి ఎత్తలేదు. ఆమే అడిగింది.

"సమతా, ఇది సినిమాల ఉంటదా?"

"ఉంటదంట అక్కా."

"మొయినాబాద్‌ల చూపెడ్తరా?"

"కాలేజీల చూపెడ్తమని చెప్పిండ్రు."

"సుక్కమ్మను నేనే తోలుకపోత," అంది. నీళ్లు కారుతున్న జుట్టు వెనక్కి తోసుకొని నా వైపు చూసింది. ఆ ముఖంలో అంత తేట నేను నాలుగేళ్లలో చూడలేదు.

*

వారానికి సింధుజ నన్ను పిలిచి ఒక ఫోను, చెవుల్లో పెట్టుకునే వైరు ఇచ్చింది.

"బోరు సౌండుకి ట్రాక్ పాడైపోయింది. జంగమ్మగారితో మళ్లీ డబ్బింగ్ చెప్పించాలి. నాకు రాగం వినిపిస్తోంది గానీ మాటలు అందట్లేదు. జర విని రాసిస్తావా? ముఖం ఎక్కడా కనపడదు, జుట్టు, చెయ్యి అంతే. సో లిప్ సింక్ ప్రాబ్లం లేదు. కానీ ఆమె ఏమంటే అదే కావాలి నాకు. ఒక్క మాట మార్చొద్దు."

మూడు మధ్యాహ్నాలు గదిలో కూర్చొని విన్నాను. మోత వెనక ప్రతి మాటా నాకు తెలుస్తూనే ఉంది. మొదటి రోజు ఉన్నదున్నట్టే రాశాను. కాపడం పెట్టినామె దగ్గరికొచ్చేసరికి పెన్ను పెట్టేశాను.

రెండో రోజు నవీన్ వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. అతను అడ్డం చెబుతాడని, బతిమాలతాడని ఎదురుచూశాను. అప్పుడు కోపం తెచ్చుకొని ఉన్నదే రాసేదాన్నేమో. అతను అదేమీ చేయలేదు.

"వదిన గింత బాధ కడుపుల పెట్టుకున్నదని నాకు తెల్వదు," అన్నాడు.

"నాకు తెలుసు," అన్నాను.

"రాసేదేందో రాయి. నేనేం అన." బయటికి తిరిగి, "పోరి నన్ను బాపూ అంటది, గంతే," అని వెళ్లిపోయాడు.

బిడ్డ వాకిట్లో జంగమ్మ ఒళ్లో పడుకొని ఉంది. కిటికీలోంచి కనపడుతున్నారు. నేను ఎవరిని చూసి రాశానో ఇప్పటికీ నిజాయితీగా చెప్పలేను. బిడ్డ కోసం అని చెప్పుకుంటే బాగుంటుంది. కానీ కేసు మళ్లీ లేస్తే నేను కూడా దోషినేనన్న భయం, చౌరస్తాలో నన్ను చూసి జరగండ్రి అంటారన్న సిగ్గు, అవి బిడ్డకంటే ముందే వచ్చాయి.

మూడో రోజు మొదటి కాగితం చించేసి కొత్తది రాశాను. మంచి శోకం రాశాను. అందరిళ్లలోనూ వినపడేదే. నన్నొక్కదాన్ని చేసి పోతివయ్యో, నా బొట్టు, నా గాజులు, నీ కంచం, నీ చెప్పులు. రాగానికి ఎక్కడా తేడా రాకుండా అక్షరాలు లెక్కపెట్టుకొని మరీ రాశాను. సింధుజ చదివి కళ్లు తుడుచుకుంది. "ఇది పోయెట్రీ సమతా," అంది.

*

జూన్ మొదట్లో ఇద్దరం బస్సెక్కి పట్నం పోయాం. చౌరస్తాలో బస్సు ఆగినప్పుడు జంగమ్మ కిటికీలోంచి సుక్కమ్మను చూసింది. ఆ రోజు తల వంచుకోలేదు.

స్టూడియో ఒక అపార్టుమెంటు కింద చిన్న గది. గోడలకు స్పాంజి అతికించి ఉంది. అద్దం అవతల సింధుజ. ఇవతల నేను, జంగమ్మ. ఆమెకు చదవడం రాదు కాబట్టి నేను ఒక్కో మాట అందించాలి, ఆమె రాగం తీయాలి.

తెరమీద ఆమె జుట్టు, ఆమె చెయ్యి కదిలాయి. నేను మొదటి మాట అందించాను. "నన్నొక్కదాన్ని జేసి పోతివయ్యో…"

జంగమ్మ పలకలేదు. రెండో మాట అందించాను. అది కూడా విన్నది. తర్వాత చెవుల మీది హెడ్‌ఫోన్లు తీసి ఒళ్లో పెట్టుకుంది.

"సమతా, నేను గిదే అన్ననా?"

అద్దం అవతల సింధుజ తల ఎత్తింది. మైకు ఆన్‌లోనే ఉంది. ఆ గదిలో గోడ గడియారం చప్పుడు కూడా లేదు. కాదు అక్కా అంటే చాలు. ఒట్టు వేసింది ఆమె, నేను కాదు. నేను చెప్పొచ్చు.

"గదే అన్నవ్ అక్కా," అన్నాను.

ఆమె నన్ను కోపంగా చూడలేదు. సంతలో ధర అడిగి వద్దనుకొని కదిలిపోయే మనిషిలాగా చూసింది.

"అయితే గదే అంట," అంది.

అన్నీ అంది. ఒక్క మాట తప్పకుండా, రాగం చెడకుండా. కన్నీళ్లు మాత్రం రాలేదు. "ఫరవాలేదు, వాయిస్ బాగుంది," అంది సింధుజ.

తిరుగు ప్రయాణంలో జంగమ్మ అజీజ్‌నగర్‌లో దిగిపోయింది. ఫామ్‌హౌస్‌లో వంటకు మనిషి కావాలన్నారట, వెనకాల గది కూడా ఇస్తారట. మరునాడు వచ్చి రెండు చీరలు, చిన్నయ్య ఫొటో తీసుకెళ్లింది. బిడ్డ వెంటపడి ఏడిస్తే ఎత్తుకొని ముద్దుపెట్టి దించింది. మామ అరుగు మీద కూర్చొని, "నేనేమన్న అన్ననా బిడ్డా?" అని అడిగాడు. "ఎవ్వలేమనలే మామా," అంది. ఆ తర్వాత ఊళ్లో రెండు చావులైనా జంగమ్మ శోకానికి రాలేదు. కబురు పెడితే గొంతు పోయిందని చెప్పి పంపింది.

*

వానలు వెనకబట్టాక మొయినాబాద్ దగ్గర ఒక ఇంజనీరింగు కాలేజీ హాల్లో సినిమా వేశారు. మా ఊరివాళ్లంతా ట్రాక్టర్లలో వచ్చారు. జంగమ్మ వస్తుందనుకోలేదు. వచ్చింది. పక్కన సుక్కమ్మను తీసుకొని వచ్చింది. ఎట్లా ఒప్పించిందో, ఏం చెప్పి తెచ్చిందో నాకు తెలియదు. నవీన్ రాలేదు.

వాళ్లిద్దరూ నా ముందు వరుసలో కూర్చున్నారు. ఆఖరి నిమిషంలోనైనా తెరమీద అసలు మాటలు వస్తాయేమోనని జంగమ్మ ఎదురుచూసిందా? నేను మాత్రం ఎదురుచూశాను. దేవుడా, ఆ పాత ట్రాకే పెట్టి ఉండాలి అనుకున్నాను. నా నోటితో కాకుండా ఎట్లాగైనా బయటపడితే బాగుండనిపించింది.

శోకం సీను వచ్చింది. నేను రాసినవే వచ్చాయి. హాలంతా ముక్కులు చీదింది. సుక్కమ్మ కొంగు కళ్లకు అడ్డం పెట్టుకొని వెక్కి వెక్కి ఏడ్చింది. ఏడుస్తూనే, తెరమీది జుట్టు ఎవరిదో తెలిసినట్టుంది, పక్కకు తిరిగి జంగమ్మ మోకాలి మీద చెయ్యి వేసింది.

"తాగుబోతైనా మగడు మగడే గదా," అంది.

జంగమ్మ ఆ చెయ్యి తీసేయలేదు.

సినిమా అయిపోయింది. నల్లటి తెర మీద తెల్లటి పేర్లు పైకి పోతున్నాయి. జనం లేస్తున్నారు. ఒక పేరు దగ్గర సింధుజ వెనక నుంచి నా భుజం తట్టి చప్పట్లు కొట్టింది, కొందరు తిరిగి నన్ను చూశారు. జంగమ్మ కూడా తిరిగింది.

"అండ్ల ఏం రాసిండ్రు సమతా?" అని అడిగింది.

ఆమె అట్లాగే చూస్తోంది. చదివి చెప్పక తప్పలేదు.

"శోకం మాటలు, సమత, అని రాసిండ్రు అక్కా."

జంగమ్మ తల ఊపింది. సుక్కమ్మ చెయ్యి పట్టుకొని లేపుతూ, "నిజమే రాసిండ్రు," అంది. "మాటలు నీయే గదా."